తోకిదా నీలం

క్యోతో, ఉజుమాసా
జూన్

తమ్ముడు కుమెజిరోకి,

ఉత్తరం మొదట్లో వాతావరణం గురించి రెండు ముక్కలు రాయడం మర్యాద. వాన పడుతోంది. మర్యాద అయిపోయింది.

ఈ ఏడాది ఉత్తమ ఛాయాగ్రహణం బహుమతి నీకే వచ్చిందని పేపర్లో చూశాను. ఫొటో కూడా వేశారు. ఆ నల్ల కోటులో నువ్వు, పెళ్ళికొచ్చి పెళ్ళివారెవరో మర్చిపోయిన బ్యాంకు మేనేజరులా ఉన్నావు. మీ వదిన ఫుసా ఆ ఫొటో కత్తిరించి దాచుకుంటానంది. నేను అందులో ఉప్పు చేప చుట్టి పక్కింటికి పంపాను. చేపకి కూడా కాస్త గౌరవం దక్కాలి కదా.

నీ సినిమా ‘ఉప్పుమళ్ళ కోడలు’ షిన్‌క్యోగోకు హాల్లో చూశాను. ఒకసారి కాదు, మూడుసార్లు. మెచ్చుకుని చూశాననుకోకు. మొదటిసారి నువ్వు ఎక్కడ తప్పు చేశావో వెతుకుతూ చూశాను. రెండోసారి మొదటిసారి దొరకలేదన్న కోపంతో చూశాను. మూడోసారి బయట వాన.

నా సంగతి అడుగుతావా? అడగవు. అయినా చెబుతాను. ఇక్కడ నెలకో కత్తి సినిమా తీస్తున్నాం. మా హీరోకి ఎడమ చెంపే చెంప. కుడి చెంప ఒకటుందని వాళ్ళమ్మకైనా చూపించాడో లేదో. అందుకని శత్రువులందరూ ఎడమ వైపు నుంచే వస్తారు. ఎంత తెలివితక్కువ శత్రువులో చూడు, ఇన్ని సినిమాల్లో ఒక్కడూ అటు తిరిగి రాలేదు.

నువ్వు మాత్రం ఒక్క మబ్బు కోసం యూనిట్ మొత్తాన్నీ చాపల మీద కూర్చోబెట్టావట, పత్రికలో రాశారు. కెమెరామన్ నల్లద్దంలోంచి ఆకాశం చూసి “ఇంకా రాలేదు” అంటే దర్శకుడైనా సరే నోరు మూసుకుని టీ తాగాల్సిందే. మన పనిలో ఉన్న రాచరికం అదొక్కటే. ఆ సుఖం నాకు ముప్పయ్యేళ్ళలో ఒక్క పూట దక్కలేదు. మా మేనేజరు “ఆకాశం ఉందా? ఉంది కదా? తియ్యి!” అంటాడు.

మన గురువు నిషిగాకి ముసలాయన దగ్గర నీకంటే ఏడాది ముందు చేరినవాణ్ణి నేను, నీకు అన్ననైంది ఆ లెక్కనే. స్టాండు మోసింది నేను, లెన్సుల పెట్టె మోసింది నువ్వు. తోక్యో కంపెనీ కుర్రాణ్ణొకణ్ణి పంపమని అడిగిన వారమే నాకు గవదబిళ్ళలు రావాలా? ఇరవై ఎనిమిదేళ్ళ వయసులో! చెంపలు గుమ్మడికాయల్లా ఉన్నవాణ్ణి తోక్యో ఎలా పంపుతాడు? నిన్ను పంపాడు. నా గవదబిళ్ళల మీద కట్టుకున్న మేడ నీది. ఆ సంగతి ఎప్పుడైనా గుర్తు చేసుకుంటావో లేదో.

అసలు విషయం. ఆ నీలం. సముద్రంలోనే కాదు, గోడల మీద, ఆడవాళ్ళ మెడల మీద, పొగలో కూడా ఆ నీలం. ఏ ఫిల్టరు పెట్టావు? చెప్పకపోతే నా ప్రాణమేం పోదు. చెబితే బాగుంటుంది.

తొరాకిచి

*

తోక్యో, సెతాగాయా
జూలై

తొరా అన్నకి,

చేతిరాత మారిందేమిటా అనుకోకు. ఇది మీ మరదలు సుమియె రాత. నాకీమధ్య ఉత్తరాలు ఎక్కువయ్యాయి, అన్నిటికీ జవాబు రాస్తూ కూర్చుంటే పని సాగదు. నేను చెబుతాను, తను రాస్తుంది. వచ్చినవి తనే చదివి వినిపిస్తుంది. నీ ఉత్తరం చదువుతూ చెంపల దగ్గర నవ్వు ఆపుకోలేకపోయింది.

ఫిల్టరూ లేదు, గిల్టరూ లేదు. నాకు ఎలా కనపడిందో అలా తీశాను. అంతే. దాని గురించి పత్రికలు చాలా రాశాయి. ‘తోకిదా నీలం’ అని పేరే పెట్టేశారు. మా ఇంటిపేరుతో ఒక రంగు ఉంటుందని మా నాన్న కలలో కూడా అనుకుని ఉండడు.

ల్యాబ్ వాళ్ళతో మాత్రం పెద్ద యుద్ధమే అయింది. ప్రింటు పంపిన ప్రతిసారీ పసుపు. “ఇది సినిమానా, ఆవకూరా?” అని తిప్పి పంపేవాణ్ణి. మళ్ళీ పసుపే. “ఇంతకంటే నీలం చేస్తే బాగుండదు సార్” అని గొణిగేవాళ్ళు. చివరికి నేనే పక్కన కూర్చుని చేయించాను. ఈ రోజుల్లో ల్యాబుల్లో మనుషులకి కళ్ళు లేవన్నా. జీతాలు మాత్రం ఉన్నాయి.

చలికాలంలో కిరిషిమా దర్శకుడి సినిమా మొదలవుతుంది. నోతో ఒడ్డున, మంచులో, చేపలు పట్టేవాళ్ళ కథ. రంగుల్లో. ఆయన ఈ కథ పట్టుకుని పదేళ్ళ నుంచి తిరుగుతున్నాడు. “తోకిదా లేకపోతే తీయను” అన్నాడట. అలాంటి మాట నిన్నెవరైనా అన్నారా అని అడగను. అడిగితే బాధపడతావు.

గవదబిళ్ళల సంగతి మర్చిపోలేదు. మొన్న పత్రిక వాళ్ళు నా జీవితకథ అడిగితే అదే ముందు చెప్పాను. అందరూ పడి పడి నవ్వారు. ఆగస్టు సంచికలో వస్తుంది, చూడు.

కుమెజిరో

*

క్యోతో, ఉజుమాసా
జూలై చివర

కుమే!

ఆగస్టు సంచిక అప్పుడే వచ్చేసింది, చూశాను. మా స్టూడియోలో అందరూ చూశారు. లైట్ల మేస్త్రి నన్ను చూసి రెండు చెంపల్లో గాలి నింపుకుని నిలబడ్డాడు. టీ పోసే పిల్ల కూడా. ముప్పయ్యేళ్ళు నేను కెమెరా వెనకాల నిలబడింది నా మొహం ఎవరికీ కనపడకూడదనే. ఒక్క పేజీతో బయటపెట్టేశావు.

పైగా నువ్వు చెబుతుంటే ఇంకొకరు రాయడం! మంత్రులకి ఉంటుంది ఆ వైభోగం. నేనూ ఫుసాని అడిగాను, “నేను చెబుతాను, నువ్వు రాస్తావా?” అని. “చెప్పండి. దానికి ముందు ముల్లంగి తరిగి పెట్టండి” అంది. సగం తరిగాక ఏం చెప్పాలనుకున్నానో మర్చిపోయాను. అందుకే ఇది నా చేతిరాత.

నాలుగోసారి చూశాను నీ సినిమా. ఈసారి తప్పు దొరికింది. పోట్లాడుతున్నాననుకో, ఏమైనా అనుకో. పెళ్ళి కూతురు అత్తవారింట్లో మొదటిసారి భోజనానికి కూర్చుంటుంది చూడు. కొత్త గిన్నె, కొత్త చాపలు, తలమీద తెల్ల పట్టు ముసుగు. ఆ గిన్నెలో అన్నం నీలంగా ఉందిరా. సిరాతో వండినట్టు. ముసుగూ నీలమే. సముద్రం నీలంగా ఉంటే కవిత్వం అంటాను. పొగ నీలంగా ఉంటే ఒప్పుకుంటాను. ముసలాయన మన నెత్తి మీద కొట్టి నేర్పింది ఏమిటి? నలుపు తెలుపులో కూడా అన్నం చూస్తే ఆకలెయ్యాలి అన్నాడు. నీ అన్నం చూసి నాకు ఆకలి వెయ్యలేదు, దిగులేసింది. హాల్లో నా పక్కాయన మాత్రం “ఆహా, తోకిదా నీలం” అంటూ ఊగిపోతున్నాడు. వాడి పేరేమిటో అడిగి ఒక్కటివ్వాలనిపించింది.

సరే, అది వదిలెయ్యి. ఒక చిన్న పని ఉంది. మీ వదిన చెల్లెలి కూతురికి పెళ్ళి. కిమోనో మెడపట్టీకి నిషిజిన్ వీధిలో పట్టు కొట్టువాడు రెండు ముక్కలు ఇచ్చాడు, రెండూ ఈ కవర్లో పెట్టాను. ఒకదాని అంచుకి దారం ముడి వేశాను. పెళ్ళికి ఏది తెలుపో నువ్వే చెప్పాలి. మాకెవరికీ నీ కన్ను లేదు కదా. పగటి వెలుగులో, కిటికీ దగ్గర చూసి చెప్పు.

తొరా

*

తోక్యో, సెతాగాయా
ఆగస్టు

అన్నా,

అసూయ ఎంత పెద్దదైనా ఒక గిన్నెడు అన్నంలో దాచొచ్చని నీ ఉత్తరం చూశాకే తెలిసింది. దేశమంతా మెచ్చుకున్న రంగులో నీకు అన్నం ఒక్కటే కనపడిందా? ఆకలేస్తే భోజనం చేసి వెళ్ళు సినిమాకి.

నీ పట్టు ముక్కలు చూశాను, కిటికీ దగ్గరే. నిషిజిన్ వాడు నిన్ను మోసం చేశాడు. రెండూ ఒకే తానులోవి. పైగా రెండూ పాతబడి పసుపెక్కిన సరుకు. పెళ్ళికి అలాంటివి కొనకు. వదినతో చెప్పు, నేను తోక్యో నుంచి మంచి తెలుపు పంపుతాను.

వచ్చే వారం కిరిషిమా గారితో నోతో వెళుతున్నాను, చోట్లు చూడ్డానికి.

కుమెజిరో

బావగారూ, ఈ కింది నాలుగు ముక్కలూ నావి. ఆయనకి చదివి వినిపించలేదు. ముడి వేసిన ముక్క మీగడ రంగు. రెండోది మల్లెపువ్వు. మూడడుగుల దూరం నుంచే నాకు తెలిసిపోయింది. మీరెందుకు పంపారో కూడా తెలిసింది. పోయిన చలికాలం నుంచీ ఇలాగే ఉంది. పొద్దున్నే మిసో చారు గిన్నె కోసం చేత్తో తడుముకుంటారు. డాక్టరు రెండు కళ్ళలోనూ శుక్లాలన్నాడు. ఎడమ కన్నుకి ఆపరేషన్ ఈ శరత్తు దాటనివ్వొద్దని, దాటితే లోపల వాచి కన్నే పోవచ్చనీ అన్నాడు. “నోతో సినిమా అయ్యాకే” అంటున్నారు. మధ్యలో వదిలేస్తే ఇంకెవరూ పిలవరని భయం. ఎవరికీ చెప్పొద్దని నా చేత ఒట్టు వేయించుకున్నారు. నేను మీకు చెప్పలేదు. మీకే తెలిసింది.
సుమియె

*

క్యోతో, ఉజుమాసా
సెప్టెంబరు

కుమే,

ఎండలు తగ్గాయి. చిమ్మెటలు ఊరుకున్నాయి. ఈసారి మర్యాద కోసం రాయలేదు. ఎలా మొదలుపెట్టాలో తెలియక రాశాను.

నిన్న కిరిషిమా గారు మా స్టూడియోకి వచ్చారు. ఆయనలాంటి మనిషి మా గేటు దాటి రావడం ఎప్పుడూ చూడలేదు. కాపలావాడు ఆయన్ని ముసలి జూనియర్ ఆర్టిస్టు అనుకుని మేకప్ గదికి పంపాడు. అక్కడ పిలక విగ్గు పెట్టేలోపల నేను వెళ్ళి తీసుకొచ్చాను. ఇద్దరం హెర్రింగ్ చేప వేసిన సోబా తినడానికి వెళ్ళాం. నువ్వు ఉన్న రోజుల్లో ఆ కొట్టు లేదు, నీకు తెలియదు. అక్కడి చేప ముక్క నూడుల్స్ కింద దాచిపెట్టి ఇస్తారు, వెతుక్కోవాలి. నేను వెతుక్కుంటున్నాను.

“ఇసోబె, నీ తమ్ముడికి ఏమైంది?” అన్నారు.

“బహుమతి వచ్చింది.”

“వేళాకోళం కాదు. మొన్న నోతోలో పొద్దున్నే ఒడ్డుకి వెళ్ళాం. ‘ఏమిటండీ సముద్రం ఇంత పసుపుగా ఉంది, రేపు వద్దాం’ అన్నాడు. నాకు నీలంగానే కనపడింది. నేను దర్శకుణ్ణి, రంగులు నాకేం తెలుస్తాయి, ఆయన తోకిదా కదా అనుకున్నాను. తిరిగి వస్తుంటే మెట్టు ఉన్నచోట అడుగు వేయలేదు, లేనిచోట వేశాడు.”

నేను చేప నములుతున్నాను.

“ఆయనకి వీలుపడకపోతే నువ్వు వస్తావా?” అన్నారు.

ఆ మాట కోసం నేను ముప్పయ్యేళ్ళు ఎదురుచూశాను. కలలో ఎన్నోసార్లు విన్నాను. కలలో ఎప్పుడూ నా నోట్లో చేప లేదు. మింగడానికి చాలాసేపు పట్టింది. మింగాక, “తోకిదాకి ఏమీ కాలేదు. పెద్దవాళ్ళం అయిపోతున్నాం, మెట్లు తప్పుతాం” అన్నాను.

ఎందుకలా అన్నానో తెలియదు. నీ మీద ప్రేమతో మాత్రం కాదు. ఇంటికి నడుచుకుంటూ వస్తూ దారంతా నన్ను నేనే తిట్టుకున్నాను. వచ్చే మార్చితో కంపెనీలో నా కాలం అయిపోతుంది. నా పేరు మీద ఉన్నవి ఎడమ చెంపలే. ఒక్క సినిమా, ఒక్కటంటే ఒక్కటి, ఎవరైనా నాలుగుసార్లు చూసేది, తీసి పోవాలని ఉంది. అది నా ముందు గిన్నెలో పెట్టి ఇస్తే వద్దన్నాను.

కుమే, ఆ పట్టు ముక్కలు ఒకటి తెలుపు, ఒకటి మీగడ. పెళ్ళీ లేదు, మెడపట్టీ లేదు. నీ నీలం ఎక్కడిదో నాకు తెలిసింది. ల్యాబ్ వాళ్ళు పంపిన ప్రింటు పసుపుగా లేదు, నీ కళ్ళే పసుపుగా ఉన్నాయి. ఆ పసుపు పోయేదాకా నువ్వు నీలం కలుపుతూ పోయావు. సినిమా చూసిన వాళ్ళెవరూ కనిపెట్టలేదు. వాళ్ళు నిన్ను మెచ్చుకోవడానికి వెళ్ళారు. నీ తప్పు కోసం వెళ్ళినవాణ్ణి నేనొక్కణ్ణే.

ఆపరేషన్ చేయించుకో. సినిమా గురించి ఇప్పుడు ఆలోచించకు. మేపుల్ ఆకులు ఎర్రబడేలోగా నువ్వు ఆసుపత్రికి వెళ్ళకపోతే కిరిషిమా గారికి నేనే చెబుతాను. అప్పుడు నా నోట్లో చేప ఉండదు.

తొరాకిచి

*

తోక్యో
సెప్టెంబరు చివర

ఇసోబె తొరాకిచి గారికి,

ఇది నా చేతిరాతే. సుమియెని గదిలోంచి పంపేశాను. వరసలు ఒకదాని మీద ఒకటి పడితే పడనీ, చదువుకో. నీ కళ్ళు బాగున్నాయి కదా.

గుడ్డముక్కలు పంపి పరీక్ష పెట్టావు నాకు! పెళ్ళని అబద్ధం చెప్పి! నేను తెలుపు కొని పంపుదామని కొట్టుకి కూడా వెళ్ళాను. కొట్లో అమ్మాయి ఏది తెలుపంటే అది తీసుకున్నాను. అప్పుడే నాకు నా మీద అనుమానం రావాల్సింది, రాలేదు. నీ మీద రావాల్సింది, అది కూడా రాలేదు.

నీకు గవదబిళ్ళలు తగ్గి ముప్పయ్యేళ్ళయింది. అసూయ మాత్రం ఒక్క రోజు తగ్గలేదు. నా కన్ను పోవాలని నీకు లేదు, తెలుసు. నా స్టాండు ఖాళీ కావాలి, అంతే. కన్ను దానికి దారి. అద్దాల కొట్టు ముందు నిలబడ్డవాడిలా నా కళ్ళలోకి చూస్తున్నావు, లోపల నీకు కావలసినది ఉందేమోనని.

ఫోకస్ అసిస్టెంటు చూసుకుంటాడు. వెలుగు మీటరు చూసుకుంటుంది. ఫ్రేము నా ఒంట్లో ఉంది, కళ్ళు మూసుకుని పెట్టగలను. ఇది నాకు చివరి పెద్ద సినిమా అని నాకూ తెలుసు. కళ్ళకి గంతలు కట్టి ఆసుపత్రిలో పడుకుంటే, లేచేసరికి నన్ను ఎవరు గుర్తుపెట్టుకుంటారు? నీకు ఎప్పుడూ ఏదీ లేదు, పోవడమంటే ఏమిటో నీకెలా తెలుస్తుంది?

చెప్పు, కిరిషిమాకి చెప్పు. చెబితే ఇక నాకు ఉత్తరం రాయకు.

తోకిదా

*

క్యోతో
నవంబరు

కుమెజిరోకి,

చెప్పాను. సినిమా నేను తీస్తున్నాను.

నీ ఉత్తరంలో రాసింది నిజమే. అందుకే జవాబు రాయడానికి ఇన్నాళ్ళు పట్టింది, అబద్ధమైతే ఆ రోజే రాసేవాణ్ణి. “ఆయన కన్ను బాగుపడాలని చెప్పారా, సినిమా కావాలని చెప్పారా?” అని ఫుసా అడిగింది. రెండూ ఒకే నోటితో చెప్పాను, ఏది ముందు వచ్చిందో నాకే తెలియదు.

ఆకులు ఎర్రబడ్డాయి. నువ్వు వద్దన్నా ఉత్తరం రాస్తాను.

తొరా

*

నోతో, ఒక సత్రం
డిసెంబరు

తమ్ముడు కుమెజిరోకి, ఆసుపత్రి మంచానికి,

ఎడమ కన్ను ఆపరేషన్ బాగా జరిగిందని సుమియె కార్డు రాసింది. తల కదలకుండా అటూ ఇటూ ఇసుక సంచులు పెట్టారట. నాకు సంతోషంగా ఉంది. మొదటిసారి నువ్వు నా మాటకి తల అడ్డంగా ఊపలేవు. అందుకే ఇది పెద్ద ఉత్తరం, చివరిదాకా వినాల్సిందే.

ఇక్కడ మంచు అడ్డంగా పడుతుంది. కెమెరాకి పత్తి దుప్పటి కప్పాం, నాకు కప్పలేదు. సత్రం ముసలమ్మకి సినిమావాళ్ళంటే పడదు. “మీరంతా పని చెయ్యకుండా ఆకాశం చూస్తూ కూర్చుంటారేమిటి? మా ఆయన అలా కూర్చుంటే వలతో కొట్టేదాన్ని” అంది. నేను గర్వంగా, “అమ్మా, వాళ్ళంతా కూర్చున్నది నేను కూర్చోమన్నందుకు” అన్నాను. నమ్మలేదు.

అవును తమ్ముడూ, కూర్చోబెట్టాను. ఈ కథలోనూ ఒక కోడలుంది, ఆమె ఒడ్డున నిలబడి పడవ కోసం చూసే ఘట్టం. ఎండ వద్దు, చీకటి వద్దు, మబ్బు వెనకాల పాలలాంటి వెలుగు కావాలి. నల్లద్దం పెట్టి చూసి “ఇంకా రాలేదు” అన్నాను. ఎవరైనా నవ్వుతారేమో అని చూశాను. ఎనభై మంది, కిరిషిమా గారితో సహా, మాట్లాడకుండా చాపలు పరుచుకున్నారు. లైట్ల వాళ్ళు నిప్పు రాజేసి ఎండు చేపలు కాల్చుకున్నారు. మర్నాడు కూడా రాలేదు. ఆ మర్నాడు కూడా. మేనేజరు నా వైపు చూసే చూపులో నేను పాత మేనేజర్లందరినీ చూశాను. వచ్చింది చివరికి. అది వచ్చాక ఎలా ఉందో చెప్పను. నువ్వే చూడాలి.

ఇంకొకటి. కంపెనీ నుంచి మెత్తటి బూట్ల మనిషి ఒకడు వచ్చాడు. “ఇసోబె గారూ, తోకిదా నీలం కావాలి. జనం దాని కోసమే వస్తారు” అన్నాడు. “దానికి తోకిదా కళ్ళు కావాలి, నా దగ్గర లేవు” అన్నాను. “ఫిల్టరుతో రాదా?” అన్నాడు. వస్తుంది. చాలా తేలిక. కానీ ఈ సినిమాలో మనుషులు భోజనం చేస్తారు. “అన్నం తెల్లగానే ఉంటుంది, పోవయ్యా” అన్నాను. బూట్లలోకి మంచు పోయి వెళ్ళిపోయాడు.

తిట్టాలనిపిస్తే సుమియె చేత రాయించు.

తొరా

సుమియెకి విడిగా, ఇది పైకి చదవొద్దమ్మా: పోస్టర్లన్నీ ముందే అచ్చు వేసేశారు, ‘ఛాయాగ్రహణం: తోకిదా కుమెజిరో’ అని. నేను తీయడానికి ఒప్పుకున్నారు కానీ తెర మీద కూడా ఆ పేరే ఉంటుందని షరతు పెట్టారు. లేకపోతే మీ ఆయన కోలుకునేదాకా సినిమా ఆపేస్తామన్నారు. కిరిషిమా గారు పోట్లాడబోయారు, నేనే వద్దన్నాను. సంతకం పెట్టాను. నాకు సినిమా కావాలి. పేరు ఆయన దగ్గర ఇప్పటికే ఉంది, ఇంకొకసారి ఉంటే బరువేం కాదు. ఆయనకి మాత్రం చెప్పకు. జాలిపడతాడు. అది నేను తట్టుకోలేను.

*

తోక్యో, సెతాగాయా
ఫిబ్రవరి

అన్నా,

సీసా అడుగంత మందం కళ్ళద్దాలు పెట్టుకుని నేనే రాస్తున్నాను. వరసలు తిన్నగా ఉన్నాయా?

ముందుగా ఒక సంగతి. ఇంటికి వచ్చాక కంపెనీ హాల్లో ‘ఉప్పుమళ్ళ కోడలు’ వేయించుకుని చూశాను. పక్కన ఎవరూ లేకుండా. రెండో రీలు దాటలేదు, ఆపించేశాను. అన్నం నీలం అన్నా! పెళ్ళికూతురు నీలం! మునిగిపోయిన ఊళ్ళో పెళ్ళిలా ఉంది. ఇంతమంది చూశారు, ఇంతమంది రాశారు, బహుమతి ఇచ్చారు, ఒక్కడు నాతో అనలేదు. అన్నవాడివి నువ్వొక్కడివే, అదీ నా మీద ఏడుస్తూ.

నిన్న నోతో సినిమా మొదటి ప్రింటు వేశారు. అలవాటు ప్రకారం పనివాళ్ళందరూ వచ్చారు. నువ్వు రాలేదు, ఎందుకు రాలేదా అనుకున్నాను. దీపాలు ఆరాయి. టైటిల్సులో నా పేరు పడింది. చప్పట్లు కూడా కొట్టారు. నాకు మతిపోయింది. పక్కన సుమియె తల వంచుకుంది. అప్పుడు తెలిసింది మీరిద్దరూ ఏం చేశారో.

తర్వాత సినిమా మొదలైంది.

ఆ ఒడ్డు ఘట్టం గురించి రాయాలని కూర్చున్నాను. రాత్రంతా నిద్ర లేదు. ఆ వెలుగు కోసం నేనైతే ఆగేవాణ్ణి కాదన్నా. మొదటి రోజే ఎండ పడగానే తీసేసి, ల్యాబ్‌లో నీలం చేసుకుందాంలే అనుకునేవాణ్ణి. నువ్వు ఆగావు. కోడలు తెచ్చిన అన్నం ముద్ద విప్పితే, ఆ మబ్బు వెలుగులో అది తెల్లగా, ఆవిరితో, నాకు నోట్లో నీళ్ళు ఊరాయి. తోక్యో నడిబొడ్డున, అరవై దగ్గర పడ్డవాణ్ణి, ఒక అన్నం ముద్ద చూసి కుళ్ళిపోయాను. కడుపులో మంటంటే ఏమిటో ఇన్నాళ్ళూ నీ ఉత్తరాల్లో చదివి నవ్వుకునేవాణ్ణి. ఇది ముప్పయ్యేళ్ళు ఎలా భరించావు?

సినిమా అవగానే పై ఆఫీసుకి వెళ్ళి నా పేరు తీసేయమన్నాను. నా మంచితనం అనుకోకు. రేపు జనం “తోకిదా తీసిన వాటిలో ఇదే గొప్పది” అంటారు. అంటే నేను తీసినవన్నీ దీని ముందు తీసికట్టు అని. ఆ దెబ్బ నా పేరుతోనే నాకు తగలడం, దానికి నేను వంగి దండాలు పెట్టడం! కుదరదన్నాను. మెత్తటి బూట్లవాడు పోస్టర్లన్నాడు, సంతకమన్నాడు. “సరే, అయితే తోకిదా నీలం ఎక్కడి నుంచి వచ్చిందో పత్రికల వాళ్ళని పిలిచి చెబుతాను. కంటి డాక్టర్ని కూడా వెంట తెస్తాను. మీ బహుమతి సినిమాకి వచ్చిందా, శుక్లానికి వచ్చిందా వాళ్ళే తేలుస్తారు” అన్నాను. నవ్వబోయి నా మొహం చూసి ఆగాడు. నిజంగానే చెప్పేవాణ్ణి. అది అతనికి తెలిసింది. కిరిషిమా గారు కిటికీ వైపు తిరిగి నిలబడ్డారు, నవ్వుతో భుజాలు ఊగుతున్నాయి.

టైటిలు కార్డు మార్చారు. నీ పేరు పడుతుంది. పెద్ద అక్షరాలతో వేయమని మాత్రం అడగలేదు. అంత మంచివాణ్ణి కాను.

రెండో కన్నుకి మేలో ఆపరేషన్. ఆ తర్వాత మళ్ళీ కెమెరా పడతాను. నువ్వు సంతోషించడానికి ఎక్కువ కాలం లేదు.

కుమెజిరో

*

క్యోతో, ఉజుమాసా
మార్చి

కుమే,

నీ ఉత్తరం ఫుసాకి మూడుసార్లు చదివి వినిపించాను, ‘కుళ్ళిపోయాను’ అన్నచోట కొంచెం గట్టిగా. నాలుగోసారి మొదలుపెడితే “ఇక చాలు, ముల్లంగి తరగండి” అంది.

నిన్న సినిమా మా హాలుకి వచ్చింది. మొదటి ఆటకే వెళ్ళాం. ఫుసా మంచి కిమోనో కట్టుకుంది. నేను మెడ గీసుకునే కాలరు పెట్టుకున్నాను. పేర్లు పడటం మొదలైంది. కథ, నిర్మాణం, ఇంకా ఎవరెవరో. సరిగ్గా అప్పుడు మీ వదినకి కారమెల్ కావాల్సొచ్చింది. సంచిలో వంగి, కాగితం విప్పి, నోట్లో వేసుకుని తల ఎత్తేసరికి సంగీతం వాళ్ళ పేర్లు పడుతున్నాయి.

“వచ్చిందా?” అంది.

“వచ్చి వెళ్ళింది.”

“అంత తొందరగానా?”

“తుమ్మినంత సేపు ఉంది. నువ్వు తుమ్మినా బాగుండేది, తల పైకి ఉండేది.”

పాపం, ఏడుపు మొహం పెట్టింది. సినిమా అంతా నా చెయ్యి పట్టుకునే ఉంది, కారమెల్ జిగురుతో సహా. ఒడ్డు ఘట్టం వచ్చింది. నేను తెర చూడలేదు. జనం మొహాల మీద ఆ వెలుగు పడుతుంటే వాళ్ళని చూశాను. ఎలా ఉందో నీకు చెప్పను, నువ్వు ఇప్పటికే బాధపడుతున్నావు.

దీపాలు వెలిగాక మా ముందు వరసలో కాలేజీ టోపీల కుర్రాళ్ళిద్దరు లేచారు. ఒకడు, “బాగుంది కానీ తోకిదా నీలం లేదురా, నిరుత్సాహంగా ఉంది” అన్నాడు. రెండోవాడు, “పోస్టరు మీద పేరు నమ్మకు, తెర మీద చూడలేదా? తీసింది తోకిదా కాదు. ఇసోబె అట. పేరు ఎక్కడా వినలేదు, కొత్తవాడై ఉంటాడు” అన్నాడు. మొదటివాడు టోపీ సర్దుకుని పెద్దమనిషిలా అన్నాడు గదా, “పర్వాలేదు. కుర్రాడు పైకొస్తాడు.”

వాళ్ళ వెనకాలే బయటికి నడిచాను, గుర్తుపడతారేమోనని కాలరు పైకి లాక్కుని. తర్వాత ఫుసాని గేటు దగ్గర నిలబెట్టి, రెండో ఆటకి టిక్కెట్లు తీసుకోవడానికి వెళ్ళాను.

తొరాకిచి